గడ్డు శత్రువు, తగిన ఆయుధము

ద్రాక్షారామ భీమేశ్వరుని దర్శించినవారికి అచ్చటి లింగము రెండంతస్తుల ఎత్తున నిలిచియుండుట జ్ఞాపకముండును. క్రింది అంతస్తున అడుగుభాగమును చూచి, మెట్లెక్కి పై అంతస్తున శిరోభాగమును చూడవలెను. ఆలయమును కట్టించినవాడు తూర్పు చాళుక్యరాజగు చాళుక్య భీముడని చరిత్రకారులు చెప్పుదురు. ఆయన 892 మొదలు 921 వరకు పాలించెను. ఇంత పొడవైన లింగము నిజమునకు ఒక లింగములోని ముక్క మాత్రమేనని స్థలపురాణము చెప్పును. ఆ లింగమును కంఠమున ధరించినవాడు తారకాసురుడు. వాని ఆకారమెంతటిదో పాఠకులే ఊహించుకొనవచ్చును.

తారకుడు ఘోర తపస్సు చేసి, శివుని కుమారుని చేత తప్ప తనకు చావు లేకుండునట్లు వరము పొందెను. పైగా కంఠమున అమృతలింగము కలదు. అది యున్నంతవరకు వాని దేహమునకు ఎన్ని దెబ్బలు తగిలినను ఫలము లేదు. దేవతల సైన్యమున ఆయుధములకు కొదువ లేదు. ఇంద్రుని వజ్రము కలదు, యముని దండము కలదు, వరుణుని పాశము కలదు. అన్నియు మంచి ఆయుధములే. ఒక్కటియు ఆ శత్రువునకు తగినది కాదు. తుదకు కుమారస్వామి గురి మార్చెను. దేహమును విడిచి కంఠమందలి లింగమును ఛేదించెను. అది ఐదు ముక్కలై అమరావతి, ద్రాక్షారామము, సామర్లకోట, భీమవరము, పాలకొల్లు అను ఐదు చోట్ల వెలసెననియు, అవే పంచారామములనియు మనవారు చెప్పుకొందురు. ముక్కలు మరల ఒకటిగా కూడుకొనకుండ ఎక్కడివక్కడ ప్రతిష్ఠించిరని ఒక పాఠము. కొట్టుటతో పని తీరలేదు, కొట్టిన పిమ్మట ఏమి చేయవలెనో కూడ తెలిసియుండవలసి వచ్చినది.

ఈ కథను మేము భక్తి ప్రసంగమునకై ఎత్తుకొనలేదు. పదునాలుగేండ్ల పిల్లవాడున్న ఇండ్లలో నేడు ఈ కథ సాయంకాలమున తరచుగా నడచుచున్నది. గదిలోనుండి ఒకే సంగీతము వినబడును. రెండు నిమిషములకు ఒక పెద్ద నిట్టూర్పు. మరల అదే సంగీతము మొదటినుండి. తల్లి అన్నమునకు పిలిచినచో "ఈ ఒక్కసారి అమ్మా, బాస్ దగ్గర ఉన్నాను" అని సమాధానము. తాతగారికి బాస్ అనగా ఆఫీసులో పైఅధికారి. రాత్రి ఎనిమిది గంటలకు మనుమనికి పైఅధికారితో ఏమి పని యని ఆయనకు సందేహము. ఈ వ్యాసము ఆ తాతగారికిని, ఆ మనుమనికిని, ఇద్దరికి పనికివచ్చునట్లు చెప్ప ప్రయత్నింతుము.

వీడియో గేములలో బాస్ అనగా దారికి అడ్డముగా నిలిచిన పెద్ద శత్రువు. చిన్న శత్రువులను తప్పించుకొని పోవచ్చును. వీనిని ఓడింపక ముందుకు దారి లేదు. ఈ ఏర్పాటు ఏబదియేండ్ల నాటిది. అమెరికాలో ఇలినాయ్ విశ్వవిద్యాలయమున పుట్టిన ప్లేటో అను కంప్యూటరు వ్యవస్థ మీద, 1975 ప్రాంతమున, విద్యార్థులు డీఎన్‌డీ అను ఆటను వ్రాసిరి. అందులో నిధివంటి గోళమునకు కాపలాగా ఒక బంగారు డ్రాగన్ కలదు. బాస్ కలిగిన మొదటి ఆటగా దానినే తరచుగా పేర్కొందురు.

బాస్‌ను ఓడించుట చేతివేగమునకు సంబంధించిన విషయమని పెద్దలు అనుకొందురు. పిల్లలు కూడ అట్లే అనుకొని, ఓడినకొలది మరింత వేగముగా మీటలు నొక్కుదురు. ఇది సగము నిజము. ఆట తయారుచేసినవాడు ఆ శత్రువును ఒక చిక్కుముడిగా కట్టియుంచెను. ముడి విప్పుటకు కొస ఎక్కడో ఒకచోట ఉంచక తప్పదు. లేనిచో ఆట అమ్ముడుపోదు. ఆ కొస చాలసార్లు ఆయుధముల పెట్టెలోనే యుండును.

దీనికి అన్నిటికంటె స్పష్టమైన ఉదాహరణము జపానులో క్యాప్‌కామ్ సంస్థ 1987లో వెలువరించిన ఆట. ఆ దేశమున దాని పేరు రాక్‌మ్యాన్, ఇతర దేశములలో మెగా మ్యాన్. అందు ఆరుగురు యంత్రపురుషులు కలరు. వారిని ఏ వరుసలోనైనను ఎదుర్కొనవచ్చును. ఒకనిని ఓడించినచో వాని ఆయుధము మన చేతికి వచ్చును. ఇక్కడనే కిటుకు. ఐస్ మ్యాన్ వద్ద గ్రహించిన మంచు ఆయుధము ఫైర్ మ్యాన్‌ను చల్లార్చును. ఫైర్ మ్యాన్ నిప్పు బాంబ్ మ్యాన్‌ను అంటించును. బాంబ్ మ్యాన్ బాంబులు కొండవంటి గట్స్ మ్యాన్‌ను పగులగొట్టును. గట్స్ మ్యాన్ భుజబలముతో ఎత్తి విసరిన బండ, కత్తెర ధరించిన కట్ మ్యాన్‌ను కూల్చును. కట్ మ్యాన్ కత్తెర విద్యుత్తుతో నిండిన ఎలెక్ మ్యాన్‌ను తెగగొట్టును. తీగను తెంపినచో దీపమారినట్లు. ఎలెక్ మ్యాన్ విద్యుత్తు మరల ఐస్ మ్యాన్‌ను కొట్టును. చక్రము పూర్తి అయినది. రాయి, కాగితము, కత్తెర అను పిల్లల చేతియాటయే దీనికి మూలము.

ఈ చక్రమును గ్రహించిన పిల్లవానికి ఆట సగము సులభమైపోవును. గ్రహింపనివాడు చేతిలోని చిన్న తుపాకితోనే ఆరుగురిని కొట్టుచు అవస్థపడును. అట్లు గెలుచుట అసాధ్యము కాదు, గెలిచినవారును కలరు. మొదటివానిని ఎట్లును ఆ చిన్న తుపాకితోనే గెలువవలెను గదా. కావున ఆయుధము ఏది యనుటతోపాటు, ఎవనితో మొదలుపెట్టవలెను అనునది కూడ ఆయుధముల ఎంపికలో భాగమే యగును.

మరియొక ఉదాహరణము ధ్వని ప్రసారమే వృత్తిగాగల మాకు మిక్కిలి ఇష్టమైనది. నింటెండో సంస్థ 1986లో జపానున వెలువరించిన లెజెండ్ ఆఫ్ జెల్డా అను ఆటలో పాల్స్ వాయిస్ అను జీవి కలదు. అది బాస్ కాదు, చిన్న శత్రువే. కాని కత్తికి సులభముగా లొంగదు. దాని చెవులు పెద్దవి. ఆటతో ఇచ్చిన పుస్తకమున, దీనికి పెద్ద శబ్దమనిన గిట్టదని వ్రాసియుండెను. జపానులో అమ్మిన ఆటయంత్రము రెండవ చేతిపట్టుకు చిన్న మైక్రోఫోను అమర్చబడియుండెను. ఆ మైకులో గట్టిగా అరచినచో ఆ జీవులు చచ్చును! కత్తి కాదు, బాణము కాదు, ఆడువాని గొంతే ఆయుధము. ఆట అమెరికాకు పోయినప్పుడు అక్కడి యంత్రమునకు మైకు లేదు. అయినను పుస్తకములో శబ్దము గిట్టదను మాట అట్లే నిలిచిపోయినది. అక్కడి పిల్లలు ఆటలో దొరకిన వేణువును ఊది ఊది విసిగిరని చెప్పుదురు. అక్కడ దానికి తగిన ఆయుధము బాణము. సలహా చదివినంతనే చాలదు, అది మన చేతిలోని యంత్రమునకు వర్తించునా లేదా యని చూచుకొనవలెను. నేడు ఇంటర్‌నెట్టులో దొరకు సలహాలకు కూడ ఇదే వర్తించును. ఆటలను తయారుచేసినవారు తరువాత సవరణలు పంపుచుందురు. నిరుడు పనిచేసిన కిటుకు నేడు పనిచేయకపోవచ్చును.

అదే ఆటలో కడపటి శత్రువు గానన్. వానిని కత్తితో కొట్టి కొట్టి రంగు మారునట్లు చేయవచ్చును గాని, చంపుటకు వెండి బాణము కావలెను. అది లేనివాడు ఎంత నేర్పరియైనను గెలువలేడు. ఇంకొక చమత్కారము: ఆ ఆటలో ద్రవ్యము పేరు రూపీ. విడిచిన ఒక్కొక్క బాణమునకు ఒక్కొక్క రూపీ ఖర్చగును. సంచి ఖాళీ అయినచో విల్లు ఉండియు లేనట్లే. ఖర్చు చూచుకొని బాణము వేయుట ఆ ఆట నేర్పిన మొదటి పాఠము.

మన దేశపు ఆట కూడ ఒకటి చెప్పుకొనవలెను. పుణె నగరమందలి నోడింగ్ హెడ్స్ గేమ్స్ వారు 2020లో రాజీ అను ఆటను వెలువరించిరి. అందు రాజీ అను సర్కసు పిల్ల, తన తమ్ముడు గోలును ఎత్తుకొనిపోయిన మహాబలాసురుని మీదికి పోవును. దుర్గ ఇచ్చిన త్రిశూలము ఒక చేత, విల్లు ఒక చేత. చుట్టుముట్టిన మూకను దూరముగా నిలుపుటకు త్రిశూలము, అందని దూరమున నున్నవానిని కొట్టుటకు విల్లు. మన పురాణములు చదివిన ఇంటి పిల్లలకు ఈ విభజన క్రొత్త కాదు.

నిజమునకు మన పురాణములందు అసురవధలు చాలవరకు ఆయుధపు చిక్కులే. రక్తబీజుని కత్తితో నరికినకొలది, నేలబడిన ప్రతి రక్తబిందువునుండి మరియొక రక్తబీజుడు లేచెను. అక్కడ పదునైన కత్తి శత్రువుకే సహాయము చేసినది. రక్తము నేలబడకుండ కాళిక త్రాగవలసివచ్చెను. జరాసంధుని భీముడు చీల్చినను రెండు ముక్కలు మరల కూడుకొనెను. కృష్ణుడు గడ్డిపరకను చీల్చి, ముక్కలను తారుమారుగా విసరి చూపిన పిమ్మటగాని పని కాలేదు. బలము ముందును భీమునిదే, తరువాతను భీమునిదే.

రక్తబీజుని చిక్కు నేటి ఆటలలో సరిగా కనబడుచోటు ఒకటి కలదు. ఫ్రమ్ సాఫ్ట్‌వేర్ అను జపాను సంస్థ 2022లో వెలువరించిన ఎల్డెన్ రింగ్ ఆటలో మలేనియా అను వీరవనిత కలదు. ఆమెకు ఓడిన పిల్లల సంఖ్య చెప్పనలవి కాదు. ఆమె కత్తి మనకు తగిలినప్పుడెల్ల ఆమె ఆరోగ్యము కొంత తిరిగివచ్చును. ఇందుకు భయపడి పిల్లలు పెద్ద డాలు వెనుక దాగుదురు. అదియే పొరపాటు. కత్తి డాలుకు తగిలినను ఆమె కోలుకొనుచునే యుండును. మనకు ప్రాణము దక్కినను ఆమెకు కూడ ప్రాణము పెరుగును, పోరు తెగదు. మిగిలిన ఆటయంతట రక్షణయిచ్చిన డాలు ఇక్కడ శత్రువు పక్షమున చేరినట్లయినది. ఇక్కడ తగినవి రెండు: దెబ్బ తగులకుండ తప్పుకొనుట, రక్తస్రావము కలిగించు కత్తి. ఆ ఆటలో రక్తస్రావము నిండినప్పుడు శత్రువు మొత్తము ఆరోగ్యములో ఒక భాగము ఒక్కసారిగా తరిగిపోవును. అందువలన ఆరోగ్యము ఎక్కువగా నున్న పెద్ద శత్రువుల మీద ఆ కత్తికి విలువ ఎక్కువ. రక్తమే లేని అస్థిపంజరముల మీద అదే కత్తికి ఆ గుణము పనికిరాదు.

అదే సంవత్సరమున ఒక ఆటగాడు కవచము లేకుండ, తలమీద ఒక కుండ మాత్రము బోర్లించుకొని, రెండు కత్తులతో ఇతరులకు సహాయముగా వచ్చి మలేనియాను వందలమారులు ఓడించి లోకప్రసిద్ధుడయ్యెను. చూచినవారు అతడు కవచము విసర్జించుటను హాస్యమనుకొనిరి. హాస్యము కొంత యుండవచ్చును గాని, లెక్క కూడ కలదు. ఆ ఆటలో మోయగలిగిన బరువులో నూటికి ముప్పది పాళ్ళకు లోబడి ధరించినవాడు చురుకుగా దొర్లి తప్పుకొనగలడు. డెబ్బది వరకు మధ్యరకము. డెబ్బది దాటినచో బస్తా దొర్లినట్లు దొర్లును. దెబ్బ తగిలినప్పుడు ఆదుకొను కవచము, దెబ్బ తప్పించుకొనుటకు అడ్డమగును. రెండు మేళ్ళును ఒక్కసారి దొరకవు. ఇనుప కవచము నిండుగా తొడిగి, ఎందుకు తప్పించుకొనలేకపోవుచున్నాననుకొను పిల్లవానికి ఈ లెక్క చూపవలెను.

ఆయుధము బరువు గూర్చి కూడ ఇటువంటి లెక్కయే కలదు. దీనిని కొంచెము నిదానముగా చూతము. మన చేతిలో ఒక సమ్మెట, ఒక చిన్న కత్తి ఉన్నవనుకొందము. సమ్మెట ఒక దెబ్బకు నాలుగువందల నష్టము చేయును, కాని ఎత్తి దించుటకు ఒకటిన్నర సెకను పట్టును. కత్తి అర సెకనుకు ఒక దెబ్బ, దెబ్బకు నూటఇరువది. శత్రువు తన దాడి ముగించి ఊపిరి పీల్చుకొను సందు ఒక్క సెకను మాత్రమే ఐనచో, సమ్మెటతో ఒక్క దెబ్బయు తగులదు, పైగా ఎత్తిన చేయి దించకముందే మనకు తగులును. కత్తికి రెండు దెబ్బలు, రెండువందల నలుబది. సందు ఒకటిన్నర సెకను ఐనచో సమ్మెటకు నాలుగువందలు, కత్తికి మూడువందల అరువది. అర సెకను తేడాతో గెలుపు చేతులు మారినది. ఇక శత్రువు చర్మము గట్టిదై, ప్రతి దెబ్బలోను ఎనుబది తగ్గించునదైనచో? అదే ఒకటిన్నర సెకనులో సమ్మెటకు మూడువందల ఇరువది మిగులును; కత్తికి దెబ్బకు నలుబది చొప్పున నూటఇరువది మాత్రమే. ఈ అంకెలు మేము ఉదాహరణమునకు వేసినవి, ప్రతి ఆటకును దాని లెక్క దానికి కలదు. అయినను అంగడిలో ఆయుధము ప్రక్కన వ్రాసిన పెద్ద అంకెను చూచి మాత్రమే కొనరాదని తెలియుటకు ఇది చాలును. శత్రువు ఇచ్చు సందు ఎంత, వాని చర్మమెంత గట్టిది అను రెండును తెలియక ఆ అంకెకు అర్థము లేదు.

కొబ్బరితోట గల ఇంట ఈ మాట వేరుగా చెప్పనక్కరలేదు. పీచు ఒలుచుటకు నేలలో పాతిన ఇనుప మొన, కాయ పగులగొట్టుటకు కత్తి, చెక్క కోరుటకు కోరాము. మూడు పనులకు ఒకే పనిముట్టు తెచ్చువానిని చూచి కోనసీమలో పసివాడును నవ్వును. ఆ పసివాడే ఆటలో మాత్రము తనకు ముచ్చటైన ఒక పెద్ద కత్తిని వదలక, నలుబది పర్యాయములు దానితోనే ఓడును.

క్యాప్‌కామ్ వారి మాన్‌స్టర్ హంటర్ ఆటలు 2004లో ప్రారంభమైనవి. అందు ఈ సంగతిని దాపరికము లేకుండ నేర్పుదురు. 2018 నాటి ఆటలో పదునాలుగు రకముల ఆయుధములు కలవు. కోయు ఆయుధముతో మృగము తోక తెగును, మొద్దు ఆయుధముతో తల మీద మోదినచో మృగము కన్ను తిరిగి పడును. సమ్మెటతో తోక తెగదు. నలుగురు కలిసి వేటాడునప్పుడు అందరును ఒకే ఆయుధము తీసికొనిపోయినచో ఏదో ఒక పని మిగిలిపోవును. వాడినకొలది పదును పోవును, నడుమ ఆగి సానరాతి మీద పట్టవలెను. ఎప్పుడు ఆగవలెననునది కూడ వేటలో భాగమే. ఈ సానపట్టు పద్ధతిని మేము మెచ్చుకొందుము. వ్యవసాయదారుల ఇండ్ల పిల్లలకు కొడవలి జ్ఞాపకము వచ్చును.

తారకుని కథకు అన్నిటికంటె దగ్గరగా నున్నది, ఫ్రమ్ సాఫ్ట్‌వేర్ వారే 2019లో వెలువరించిన సెకిరో. లోయలో ఒక పెద్ద తెల్లని వానరము పూవునకు కాపలాగా నుండును. తారాజువ్వల వంటి టపాకాయలు పేల్చినచో అది బెదరి వెనుకకు తగ్గును. ఆ ఆటలో గుఱ్ఱములును మృగములును టపాకాయలకు బెదరును. ఎంతో శ్రమపడి దాని తల తెగవేసిన పిమ్మట పిల్లవాడు చేతిపట్టు క్రింద పెట్టి ఊపిరి పీల్చుకొనును. అంతలో తల లేని ఆ మొండెము లేచి, తెగిన తలను ఒక చేతను, కత్తిని మరియొక చేతను పట్టుకొని మరల పైకి వచ్చును. మొదటిసారి చూచినవారి కేక వీధి వాకిటికి వినబడును. దాని కంఠములో ఒక జెఱ్ఱి కలదు. అది యున్నంతవరకు ఆ వానరమునకు చావు లేదు. మొండెము క్రిందపడిన క్షణమున ఈటెతో ఆ జెఱ్ఱిని బయటికి లాగినచో శత్రువు నిలుకడ చెడును. అయినను నిజముగా చంపుటకు అమరత్వమును త్రెంచు ఒక ప్రత్యేకమైన ఖడ్గము కావలెను. అది వేరొక కొండమీది ఆలయమున దొరకును. అది లేనిదే వానరము ఓడును గాని చావదు. తరువాత లోతైన గుహలో మరల ఎదురగును. కంఠమున ప్రాణరహస్యము, సాధారణ ఆయుధమునకు లొంగకపోవుట, పడినది మరల లేచుట. ఇవి జపాను దేశపు ఆటలో కనబడినప్పుడు పంచారామ కథ విన్నవారు ఆశ్చర్యపడుదురు. ఒకరినుండి ఒకరు గ్రహించిరని మేము చెప్పుట లేదు. అసాధ్యుడైన శత్రువును ఊహించిన ప్రతి జాతియు వానికి ఒక మర్మస్థానమును కూడ ఊహించినది.

ఇక పద్ధతి. తగిన ఆయుధమేదో తెలియనప్పుడు ఏమి చేయవలెను? మొదటి నాలుగైదు పోరులలో గెలువవలెనను కోరిక మానవలెను. కొట్టక, తప్పించుకొనుచు, శత్రువు చేయు దాడులను మాత్రము చూడవలెను. ఎన్ని రకములు, ఏది ఏ సైగతో మొదలగును, ఏ దాడి తరువాత వాడు ఎక్కువసేపు ఆగును? ఒక కాగితము మీద వ్రాసికొనుట మేలు. తరువాత ఒకమారు ఒక్క మార్పు మాత్రమే చేయవలెను. కత్తి, కవచము, మందు మూడును ఒక్కసారి మార్చి గెలిచినచో దేనివలన గెలిచెనో తెలియదు, ఓడినచో దేనివలన ఓడెనో అసలే తెలియదు. ప్రయోగశాలలో సైన్సు మాస్టరుగారు చెప్పునది ఇదే. ఆ కాగితమును చూచి తండ్రి "ఈ దాడి తరువాత రెండు సెకన్లు ఆగుచున్నాడని వ్రాసితివే, అప్పుడు పెద్ద సమ్మెట ఎత్తరాదా?" అని అడిగినచో, ఆ పిల్లవాడు తండ్రిని చూచు చూపు మారును. ఆట తెలియనివారికి కొన్నిసార్లు త్వరగా తోచును, ఏలయన వారికి ఏ కత్తి మీదను మమకారము లేదు.

సంచిలోని వస్తువుల గూర్చి ఒక మాట. మందులు, నిప్పుకుండలు, మంత్రపు నూనెలు మొదలగునవి పిల్లలు ముందెప్పుడో పెద్ద శత్రువు వచ్చునని దాచి దాచి, ఆట పూర్తియగు వరకు దాచియే యుంచుదురు. ఇది మన అటక మీది ఇత్తడి సామాను వంటిది. ఎదుటనున్నదే ఆ పెద్ద శత్రువని వారికి చెప్పువారుండవలెను.

అసలు బాధ వేరొకటి కలదు, దానిని చెప్పక ముగించుట న్యాయము కాదు. కొన్ని ఆటలలో తగిన ఆయుధము వెదకి సాధించుకొనునది కాదు, డబ్బిచ్చి కొనుక్కొనునది. శత్రువును కావలసినదానికంటె కఠినముగా చేసి, ఓడిన వెంటనే "ఈ ఖడ్గము కొనుడు" అని తెర మీద చూపుదురు. రెండువందల రూపాయలే కదా యని పిల్లవాడు తండ్రి ఫోను తీయును. యూపీఐ రహస్య సంఖ్య పిల్లలకు తెలియని ఇల్లు ఎన్ని యున్నవో ఎవరికి వారు లెక్క చూచుకొనవచ్చును. ఇంకను చెడ్డది పెట్టెల వ్యాపారము. డబ్బిచ్చి మూసిన పెట్టె కొనవలెను, అందులో ఏ ఆయుధము వచ్చునో తెరచువరకు తెలియదు. అది ఆయుధపు ఎంపిక కాదు, లాటరీ. బెల్జియము దేశపు జూద నియంత్రణ సంఘము 2018లో కొన్ని ఆటలలోని ఇట్టి పెట్టెలను జూదముగా నిర్ణయించెను. మన దేశమున 2025లో పార్లమెంటు చేసిన ఆన్‌లైన్ గేమింగు చట్టము డబ్బు పందెముగా ఒడ్డి ఆడు ఆటలను నిషేధించి, వానిని క్రీడగా ఆడు ఆటలనుండి వేరుచేసినది. పందెము లేని ఆటలో కత్తి కొనుట ఆ పందెములతో సమానము కాదు. కావున ఆ బాధ్యత చట్టము కంటె ఇంటిదే యగుచున్నది.

మా అభిప్రాయమున పెద్దలు అడుగవలసిన ప్రశ్న "ఆ ఆట ఎందుకు?" అనునది కాదు. "డబ్బు లేకుండ ఈ శత్రువును ఓడించినవారు కలరా?" అని అడుగవలెను. కలరనినచో పిల్లవానికి చూచుటకును, ఆలోచించుటకును అవకాశము కలదు. వానిని కొంతసేపు వదలవచ్చును. లేరనినచో వాడు ఎదుర్కొనుచున్నది శత్రువును కాదు, దుకాణదారుని. ఈ తేడాను పదేండ్ల పిల్లవాడు కూడ చక్కగా గ్రహించును, కోపముతో గాక నిదానముగా చెప్పినచో.

వేళ గూర్చి కూడ పట్టుదల యుండవలెను. రాత్రి పదకొండు గంటలకు ముప్పదవమారు ఓడినవాని చేయి, తొమ్మిది గంటలకు మూడవమారు ఓడినవాని చేతివలె పనిచేయదు. అభ్యసించిన చేతిపని నిద్ర తరువాత మెరుగుపడునని పరిశోధకులు చెప్పుదురు. వీణ నేర్చుకొనువారికి ఇది అనుభవమే. రాత్రి అసాధ్యమైన శత్రువు ఉదయము రెండవ పోరులో పడిపోవుట ఆడువారందరు ఎరిగిన విషయము. ఉదయము బడి యున్నదనుట వేరే సంగతి.

కొన్నిచోట్ల తగిన పని వెనుకకు మరలుటయే. ఎల్డెన్ రింగ్‌లో కోట వాకిట మార్గిట్ అను వృద్ధవీరుడు నిలిచి, క్రొత్తవారిని దుమ్ములో కలుపును. వానిని ఇప్పుడే గెలువవలెనను నియమము లేదు. కోట ప్రక్కగా దారి కలదు, దక్షిణమున విశాలమైన భూమి కలదు. తిరిగి, బలము పెంచుకొని రావచ్చును. అట్లు తిరుగువారికి నీటి ఒడ్డు గుహలో ఒక టక్కరి వర్తకుడు ఎదురగును. వాడు అమ్ము వస్తువులలో ఒక సంకెల కలదు, వెల ఐదువేల రూన్లు, అనగా ఆ ఆటలోని ద్రవ్యమే. పోరులో దానిని ప్రయోగించినచో మార్గిట్ కొంతసేపు నేలకు అతుకుకొనిపోవును. కాని అది పోరు మొదటి భాగమందు మాత్రమే పనిచేయును. వాని చేతికి పెద్ద సమ్మెట వచ్చిన తరువాత సంచిలోనుండి తీసినచో అది ఉత్త ఇనుపముక్క. కావున కొన్నవారు దానిని పోరు మొదటనే వాడవలెను.